దీపం ఎవరి కోసం

మే నెలలో, రాజమండ్రిలో, మిట్టమధ్యాహ్నం ఫ్యాను కట్టేసి కూర్చోవడమంటే ఏమిటో ఈ ఊరివాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. ఆ రోజు నేను ఫ్యాను కట్టేశాను. కిటికీ తలుపులు మూసి, పడమటి కిటికీకి పాత దుప్పటి కూడా కట్టాను. టీవీ ముందున్న బల్ల మీద రెండు మట్టి ప్రమిదలు జానెడు దూరంలో పెట్టి, నువ్వులనూనె పోసి, వత్తులు వెలిగించాను. మంచం మీద దిండుకి ఆనుకుని కూర్చున్న మా ఆయన నాకేసి అలా చూస్తూ ఉండిపోయారు. నలభై మూడేళ్ళ కాపురంలో నా అంతట నేను దీపం వెలిగించడం ఆయన చూడటం అదే మొదలు.

"దేవుడు... అటు కదా" అన్నారు మెల్లగా, పూజగది వైపు గడ్డం చూపిస్తూ. జబ్బు చేశాక ఆయన మాట కూడబలుక్కుంటూ వస్తోంది.

"ఇది దేవుడికి కాదండీ, మీ చేతిలో రిమోట్‌కి. ఒకసారి ఆ దీపాల వైపు చూపించండి" అన్నాను.

చెయ్యి ఎత్తారు. మోచెయ్యి కింద నేను నా అరచెయ్యి పెట్టాను. తెర మీద తెల్లటి చేతిబొమ్మ ఒకటి ఉన్నట్టుండి కనిపించింది, చూపుడువేలు చాచి, వణుకుతూ. రెండు రోజులుగా ఎంత తిప్పలు పడ్డా రానిది రెండు నూనె దీపాలకి వచ్చింది. అప్పటినుంచి నన్ను ఒక ప్రశ్న వదలలేదు. నిజానికి అది కొత్త ప్రశ్న కాదు. పెళ్ళైన కొత్తలో ఆయన్ని అడిగి, జవాబు రాక, అడగడం మానేసిన ప్రశ్నే.

నేను 31 ఏళ్ళు డిగ్రీ పిల్లలకి ఫిజిక్స్ చెప్పాను. ఆయన బ్యాంకులో చేసి రిటైరయ్యారు. తెల్లవారుజామునే లేచి, స్నానం చేసి, సంధ్య వార్చుకుని, పూజ ముగిసేదాకా కాఫీ ముట్టరు. పూజ చివర హారతి ఇస్తూ ఉపనిషత్తులోది ఒక మంత్రం చదువుతారు. సూర్యచంద్రుల వెలుగు కూడా పరమాత్మ ముందు లెక్కలోకి రాదని దాని సారం. ఆ మాట అంటూనే ఆయన చేతిలో కర్పూరపు బిళ్ళ వెలుగుతూ ఉంటుంది. "సూర్యుడే లెక్కలోకి రానిచోట ఈ బిళ్ళ ఎందుకండీ? ఆయనకి కనపడకనా?" అని అడిగాను అప్పట్లో. "పెద్దలు పెట్టారు, చేస్తున్నాం" అన్నారు. అది నాకు జవాబు కాలేదు. ఆయన మనసు నొప్పించడం ఇష్టంలేక మళ్ళీ ఎత్తలేదు. పూజగది తుడిచేదాన్ని, పూలు కోసి ఇచ్చేదాన్ని, దీపం మాత్రం ఆయనే పెట్టుకునేవారు.

పోయినేడాది సంక్రాంతి వెళ్ళిన వారానికి ఆయనకి పక్షవాతం వచ్చింది. మెదడులో ఎడమవైపు గడ్డ, కుడిచెయ్యి పడిపోయింది. ప్రాణం దక్కింది, నడక నెమ్మదిగా వచ్చింది, చెయ్యి మాత్రం రాలేదు. హారతి పళ్ళెం ఎడమచేత్తో పట్టుకోనన్నారు. దాంతో పూజగదిలో హారతి ఆగిపోయింది.

మార్చిలో అబ్బాయి నార్త్ కరోలినా నుంచి పది రోజులకి వచ్చాడు. వస్తూ వాళ్ళింట్లో అటకెక్కిన పాత ఆటపెట్టె ఒకటి పట్టుకొచ్చాడు. నింటెండో వాళ్ళ 'వీ'. జపాన్ కంపెనీ 2006లో తెచ్చిన పెట్టె అది. అంతకుముందు చాలా ఆటపెట్టెలకి రెండు చేతులా పట్టుకుని బొటనవేళ్ళతో మీటలు నొక్కే పరికరం ఉండేది. దీనికి మాత్రం టీవీ రిమోట్ లాంటి తెల్లటి కడ్డీ. దాన్ని ఊపితే ఆటలో బ్యాటు ఊగుతుంది, విసిరినట్టు చేస్తే బంతి దొర్లుతుంది. తాతయ్య చెయ్యి కదిలించడానికి పనికొస్తుందని మనవడే చెప్పి పంపించాడట. అమెరికా అడాప్టరు 120 వోల్టులది కాబట్టి మన 230లో పెడితే కాలిపోతుంది. ఊళ్ళో వెతికి స్టెప్‌డౌన్ ట్రాన్స్‌ఫార్మర్ కొనుక్కొచ్చి దానికి కలిపాం.

ఇంటికొచ్చే ఫిజియోథెరపీ అబ్బాయి బౌలింగ్ ఆట చూసి సంతోషపడ్డాడు. అందులో వెనకవైపున్న బీ మీట నొక్కి పట్టుకుని చెయ్యి వెనక్కి ఊపి, ముందుకి తెచ్చి, సరిగ్గా సమయానికి మీట వదలాలి. "పట్టుకోవడం కాదండీ మామ్మగారూ, ఈ జబ్బులో వదలడం కష్టం. వేళ్ళు ముడుచుకుపోయి ఉంటాయి. తెరవమంటే తెరుచుకోవు" అన్నాడు. మొదటి వారం మా ఆయన వదల్లేకపోయారు. బంతి చేతిలోనే ఉండిపోయేది. తెర మీద బొమ్మమనిషి బంతి పట్టుకుని అలాగే నిలబడి ఉండేవాడు. పదకొండో రోజున చూపుడువేలు వదిలింది. ఆ బంతి ఎన్ని పిన్నులు పడగొట్టిందో నాకు గుర్తులేదు. ఆ వేలు విప్పుకోవడం గుర్తుంది.

మేలో టీవీ వెనక ఎలుక దూరి, ఆ పెట్టె తాలూకు సన్నని తీగ కొరికేసింది. టీవీ కింద పెట్టే నల్లటి పట్టీకి వెళ్ళే తీగ అది. దాన్ని సెన్సార్ బార్ అంటారు. అది తెగగానే తెర మీది చేతిబొమ్మ మాయమైంది. రిమోట్ పెట్టెతో మాట్లాడుతూనే ఉంది, మీట నొక్కితే గుర్తిస్తోంది, ఊపితే ఊపు తెలుస్తోంది. అయినా ఆట మొదలుపెట్టడం కుదరదు, ఎందుకంటే మొదటి పలకలో ఏ ఆట కావాలో రిమోట్‌తో చూపించి నొక్కాలి. చూపించడానికి వేలు లేదు. కదలిక అంతా ఉంది, దిక్కు లేదు.

తీగ అతకడానికి ఆ పట్టీ విప్పినప్పుడు తెలిసింది నాకు, పేరులో తప్ప దానిలో సెన్సార్ అనేది ఎక్కడా లేదని. అది దేన్నీ చూడదు, దేన్నీ కనిపెట్టదు. రెండు చివర్లా ఇన్‌ఫ్రారెడ్ బల్బులు చిన్నచిన్నవి, అంతే. తీగలో సమాచారం ఒక్క చుక్క కూడా ప్రవహించదు, కరెంటు మాత్రం పోతుంది. అవి వెలుగుతున్నా మన కంటికి చీకటే. ఫోన్ కెమెరాలోంచి చూస్తే ఊదారంగు చుక్కల్లా కనిపిస్తాయి. కన్ను ఉన్నది రిమోట్‌లో. దాని ముక్కు మీద నల్లటి పలక వెనక చిన్న కెమెరా. మామూలు వెలుగుని వడకట్టేసి ఇన్‌ఫ్రారెడ్ చుక్కల్ని మాత్రం చూస్తుంది. ఎదురుగా రెండు చుక్కలు ఏ మూల కనిపిస్తున్నాయో చూసుకుని తాను ఎటు తిరిగి ఉందో లెక్క కట్టుకుంటుంది. చుక్కల మధ్య ఎడం దగ్గరైతే తాను దూరం జరిగినట్టు, ఎడం పెరిగితే దగ్గరికి వచ్చినట్టు. ఒక్క చుక్కే ఉంటే దూరం తెలియదు.

ఈ సంగతి విని మనవడు వీడియోకాల్‌లో నవ్వాడు. "మామ్మా, దానికి రెండు కొవ్వొత్తులు పెట్టినా చాలు. మంటలో ఇన్‌ఫ్రారెడ్ ఉంటుంది కదా! నీకు తెలీదా?" తెలుసు. మంట వేడిని వెదజల్లేది ఎక్కువగా ఇన్‌ఫ్రారెడ్‌లోనే అని ఎన్ని వందలమందికి చెప్పానో. ఇంట్లో కొవ్వొత్తులు లేవు. ప్రమిదలున్నాయి.

అదీ ఆ మధ్యాహ్నం కథ. ఇప్పుడు నా ప్రశ్నకి వస్తాను.

నలభై ఏళ్ళు నేను దీపాన్ని సెన్సార్ బార్ అనుకున్నాను. అంటే, అటువైపు ఎవరో ఉన్నారు, మనల్ని చూస్తున్నారు, ఆ చూపుకి మనం దీపం పట్టి సాయం చేస్తున్నాం అని భక్తులు అనుకుంటున్నారని నా లెక్క. అది నాకు పొసగలేదు కాబట్టి దూరంగా ఉన్నాను. నా మొగుడితో సహా ఎవరూ అలా అనుకోవడం లేదేమో అని ఒక్కసారి కూడా నాకు తోచలేదు. పట్టీ విప్పి చూశాక నా పొరపాటు ఎక్కడుందో కనిపించింది. చూసే కన్ను అటువైపు ఉందనుకున్నాను. అది ఇటువైపు, మన చేతిలో ఉంది. దీపం ఏమీ చూడదు, ఏమీ అడగదు, ఏమీ చెప్పదు. ఒకచోట నిలిచి వెలుగుతుంది. దాన్ని చూసి మనం ఎటు తిరిగి ఉన్నామో మనకి తెలుస్తుంది.

మరి హారతి మంత్రం? అంతా పరమాత్మ వెలుగే అయినప్పుడు ఈ బిళ్ళ ఎందుకన్న నా పాత సందేహం? దీనికి కూడా జవాబు ఆ గదిలోనే దొరికింది, ఇంకో పొరపాటు వల్ల. మర్నాడు సాయంత్రం దుప్పటి కట్టడం మరిచిపోయాను. నాలుగున్నరకి పడమటి కిటికీలోంచి ఎండ నేరుగా టీవీ పక్క గోడ మీద పడింది. తెర మీద చెయ్యి పిచ్చిగా అటూ ఇటూ ఎగిరి మాయమైపోయింది. దీపాలు వెలుగుతూనే ఉన్నాయి. రిమోట్ కంటికి మాత్రం అవి ఆనలేదు. సూర్యుడిలో ఉన్నంత ఇన్‌ఫ్రారెడ్ ముందు రెండు వత్తులు ఎంత? మంత్రంలోని తీరే ఇక్కడా, సూర్యుడి ముందు ఈ నిప్పు లెక్కలోకి రాదు. అయినా దారి చూపడానికి సూర్యుడు పనికిరాలేదు! గది అంతా నిండిన వెలుగుకి తావు ఉండదు. అది అన్ని వైపులా ఉంది కాబట్టి ఏ వైపూ కాదు. సర్వవ్యాపిలో దిక్కు వెతకడం కుదరదు. దిక్కు కావలసింది చిన్న చేతులున్న మనకి, అందుకే వెలుగుని చిన్నది చేసి ఒకచోట నిలుపుకున్నాం. దీపం దేవుడికి చాలీచాలని కానుక కాదు. అంతటా ఉన్నదానిలో మన కంటికి ఆనే ఒక గుర్తు.

ఇలా ఆలోచిస్తున్నానని ఆయనకి చెప్పాను. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "రిమోట్ ఎటుందో తెలిసింది. తెలిసింది... ఎవరికి?" అన్నారు.

ఆ ఒక్క మాటకి నాలుగు రోజులు పట్టింది నాకు. నిజమే కదా. రిమోట్‌కి తెలియదు, అది నాలుగు అంకెలు పంపుతుంది. పెట్టెకి తెలియదు, అది అంకెల్ని బొమ్మగా మారుస్తుంది. దీపానికి అసలే తెలియదు. ఆయన అల్మరాలోంచి పంచదశి తీసి పదో ప్రకరణం చూడమన్నారు. విద్యారణ్యుల వారిది, 14వ శతాబ్దం నాటిది. ఆ ప్రకరణం పేరు నాటకదీపం. నాట్యశాలలో వెలిగే దీపం యజమానినీ, సభికులనూ, నర్తకినీ ఒకే తీరుగా వెలిగిస్తుంది. అందరూ లేచి వెళ్ళిపోయాక ఖాళీ శాలలోనూ అలాగే వెలుగుతుంది. లోపలి సాక్షి అటువంటిది అంటారు విద్యారణ్యులు. అహంకారమనే యజమాని, విషయాలనే సభికులు, బుద్ధి అనే నర్తకి వచ్చిపోతుంటారు.

ఇక్కడ ఆయనకీ నాకూ తేడా ఉంది. ఆయన దృష్టిలో దీపం లోపల ఉంది, బయటిది దానికి బొమ్మ. నా దృష్టిలో లోపలి సంగతి నేను ఇంకా చెప్పలేను, బయటి దీపం లేకపోతే లోపలికి పోయే దారి కూడా తప్పిపోతాం అన్నంతవరకే నేను రూఢిగా అనగలను. ఇది ఊహగా చెప్పడం లేదు. కొలిచి చూశాను.

ఎందుకు కొలవవలసి వచ్చిందంటే, తెర మీది చెయ్యి వణుకుతోంది. ఫ్యాను కట్టేసినా వణుకుతోంది. అది ఆయన చేతి వణుకా, వత్తి వణుకా? కెమెరాకి రెండూ ఒకటే. తాను కదిలినా, దీపం కదిలినా, చుక్కలు కదిలినట్టే కనిపిస్తాయి. ఫిజియోథెరపీ అబ్బాయికి ఆ తేడా కావాలి. రిమోట్‌లో కెమెరాతోపాటు ఇంకో పరికరం కూడా ఉంది. యాక్సెలరోమీటర్. సన్నని స్ప్రింగుల మీద వేలాడే సిలికాన్ తునక, చిప్‌లోనే చెక్కినది. చెయ్యి కదిలితే అది వెనకబడుతుంది, ఎంత వెనకబడిందో కరెంటు చెబుతుంది. దానికి దీపాలతో పనిలేదు. ఆ అంకెలు చూడాలంటే రిమోట్‌ని కంప్యూటర్‌కి కలపాలి.

నా లాప్‌టాప్‌లో లైనక్స్ ఉంది. లైనక్స్ కెర్నెల్‌లో ఈ రిమోట్‌కి డ్రైవర్ 2011 నుంచీ ఉంది. రిమోట్ మాట్లాడేది బ్లూటూత్‌లో కాబట్టి వేరే సామాను ఏమీ అక్కర్లేదు. మనవడు చెప్పినట్టు బ్యాటరీ మూత తీసి లోపలున్న చిన్న ఎర్ర మీట నొక్కాను. నాలుగు నీలం దీపాలు మిణుకుమిణుకుమన్నాయి. లాప్‌టాప్ దాన్ని పట్టుకుంది. అంకెలు కుప్పలుగా వచ్చాయి. మర్నాడు ఉదయం ఆయన ఆట ఆడబోతే పెట్టె రిమోట్‌ని గుర్తించలేదు! రిమోట్ నిద్రలేచి లాప్‌టాప్ కోసం వెతుకుతోంది. పెట్టె మీది ఎర్ర మీటా, రిమోట్‌లోని ఎర్ర మీటా మళ్ళీ నొక్కి పాత బంధం కలపవలసి వచ్చింది.

"ఎర్ర మీట నొక్కితే ఇక వాళ్ళదే మామ్మా. ఒకటీ రెండూ కలిపి నొక్కు, అది ఊరికే కాసేపటికి" అన్నాడు మనవడు. రిమోట్ మీద 1, 2 అని రెండు మీటలుంటాయి, ఆ రెండూ కలిపి నొక్కిపట్టడం రెండో పద్ధతి. ఈ రెండు పద్ధతుల్లో తేడా ఏమిటని తవ్వి చూస్తే నాకు ఒళ్ళు ఝల్లుమంది. బ్లూటూత్ పరికరాలకి ఒక్కొక్కదానికి 48 బిట్ల చిరునామా ఉంటుంది, పుట్టుకతో వచ్చిన పేరులాంటిది. జత కట్టేటప్పుడు ఒక రహస్య సంకేతం చెప్పుకోవాలి. 1, 2 నొక్కి పిలిచినప్పుడు ఆ సంకేతం రిమోట్ సొంత పేరే, వెనకనుంచి ముందుకి. దాని పేరు తెలిసినవాళ్ళు ఎవరైనా కాసేపు మాట్లాడవచ్చు. ఎర్ర మీట నొక్కినప్పుడు సంకేతం వేరు. వచ్చినవారు తమ పేరు తామే చెప్పాలి, అదీ వెనకనుంచి ముందుకి. ఆ పేరుని రిమోట్ దాచుకుంటుంది. తర్వాత ఏ మీట నొక్కి లేపినా ముందు ఆ పేరున్నవారినే వెతుక్కుంటుంది.

పేరు తిరగేసి చెప్పడమనగానే తెలుగింట పుట్టినవాళ్ళకి గుర్తొచ్చేది ఒక్కటే. మరా మరా అంటూ కూర్చున్న బోయవాడు. రామ అనమంటే నోరు తిరగలేదు, చెట్టుని చూపించి తిరగేసి చెప్పారు, అది తిరగబడి రామనామమైంది. చిన్నప్పుడు మా అమ్మ ఈ కథ చెప్పినప్పుడు, తప్పుగా అన్నా దేవుడు సర్దుకుంటాడు అన్న భావమే నాకు మిగిలింది. ఇప్పుడు ఇంకోటి కూడా కనిపిస్తోంది. ఎవరి పేరుతో బంధం కట్టుకున్నామన్నదే అసలు సంగతి. నా పేరుతో నన్ను పిలిచినవాళ్ళతో నేను కాసేపు ఉంటాను. తన పేరు నాలో ఉంచి వెళ్ళినవారి కోసం మెలకువ వచ్చిన ప్రతిసారీ వెతుక్కుంటాను. గురువులు చెవిలో చెప్పేది శిష్యుడి పేరు కాదు కదా.

ఆ తర్వాత లాప్‌టాప్‌కి ఎప్పుడూ 1, 2 మీటలతోనే కలిపాను. పెట్టెతో ఉన్న బంధం చెదరలేదు.

ఆ అంకెల్లోంచి గీతలు వచ్చాయి. వణుకు చాలావరకు వత్తిది. ఆయన చెయ్యి మేం అనుకున్నదానికన్నా నిలకడగా ఉంది. ఆ గీత చూపిస్తే ఆయన ఎడమచేత్తో తెర మీద దాన్ని తడిమారు.

అంతటితో ఆగకుండా పాఠం చెప్పే అలవాటుకొద్దీ ఇంకోటి చేశాను. రిమోట్‌ని కదలకుండా బల్ల మీద పెట్టాను. కదలిక లేదు కాబట్టి సున్నా చూపించాలి కదా? చూపించదు. ఒక 'జీ' చూపిస్తుంది, అంటే తన బరువంత, పైకి. భూమి లాగుతున్నది కాదు అది కొలిచేది, బల్ల దాన్ని కింది నుంచి మోస్తున్న మోత. తర్వాత మంచం మీద పరుపు పరిచి, మీటరు ఎత్తునుంచి వదిలాను. పడటానికి అర సెకను కూడా పట్టదు. ఆ కాసేపూ గీత సున్నాకి దిగి, చదునుగా, నిశ్శబ్దంగా ఉంది. పరుపు తగలగానే ఒక్కసారి ఎగిరి, మళ్ళీ ఒకటి దగ్గర నిలబడింది.

1907లో బెర్న్‌లో పేటెంట్ ఆఫీసులో పనిచేస్తున్న ఐన్‌స్టీన్‌కి తట్టిన ఆలోచన ఇదే. ఇంటికప్పు మీదనుంచి పడుతున్నవాడికి పడుతున్నంతసేపూ తన బరువు తెలియదు. తన జీవితంలో అంత సంతోషపెట్టిన ఆలోచన మరొకటి లేదని ఆయనే తర్వాత చెప్పుకున్నాడు. ఏటా ఈ పాఠం చెప్పాను. పడుతున్నవాడికి పడుతున్నట్టు లోపలినుంచి తెలియదు అన్న మాటని నాకు నేను చెప్పుకోలేదు. పడుతున్నప్పుడు హాయిగా ఉంటుంది. బరువు దిగినట్టు ఉంటుంది. కదలకుండా కూర్చున్నప్పుడే బరువు తెలుస్తుంది, మనల్ని ఏదో మోస్తోందని తెలుస్తుంది. ఏ ఒక్కడైనా తన మనసులోకి తాను చూసుకుని, "నాకు అంతా తేలిగ్గా ఉంది, కాబట్టి నేను సరిగ్గానే ఉన్నాను" అనుకుంటే ఆ గీత నాకు గుర్తొస్తుంది.

లోపలి పరికరానికి ఇంకో లోపం కూడా ఉంది. నిలువుగా ఉన్న ఇరుసు చుట్టూ నెమ్మదిగా తిరిగితే దానికి పట్టదు. తూర్పు చూస్తున్నామో పడమర చూస్తున్నామో దానికి ఎప్పటికీ తెలియదు. ఆ లోపం తీర్చడానికి 2009లో కంపెనీ వాళ్ళు గైరోస్కోపు జోడించారు. అది తిరుగుడుని కొలుస్తుంది. కానీ ప్రతి కొలతలో ఉండే రవ్వంత పొరపాటు కూడుకుంటూ పోయి, కాసేపటికి తూర్పుని ఆగ్నేయం అంటుంది. అందుకే ఆట మధ్యలో దాన్ని బల్ల మీద బోర్లా పెట్టి కదలకుండా ఉంచమంటారు. సున్నా ఎక్కడో మళ్ళీ చూసుకుంటుంది. మా ఆయన రోజుకి మూడుసార్లు సంధ్యకి కూర్చోవడం నేను చూశాను. ఒకసారి చేస్తే సరిపోదా అని అనుకునేదాన్ని. ఇప్పుడు అనుకోను.

రమణ మహర్షి మార్గంలో ఉన్నవాళ్ళు నన్ను ఒప్పుకోరని తెలుసు. నేనెవరు అని లోపలికి పోయేవాడికి దిక్కులతో పనేమిటి, ఆత్మకి తూర్పు పడమరలుంటాయా అంటారు. ఉండవు, ఒప్పుకుంటాను. నేను మాట్లాడుతున్నది ఆత్మ గురించి కాదు, దాన్ని వెతుకుతూ బయలుదేరే ఈ మనసు గురించి. దానికి చెయ్యి ఉంది, వణుకు ఉంది, పొరపాటు కూడుకునే గుణం ఉంది. తన కదలిక తనకి తెలుసు, తన తావు తనకి తెలియదు. మహర్షి అంతటివారికి కూడా అరుణాచలం ఉంది కదా. పదహారేళ్ళ వయసులో 1896లో ఆ కొండ దగ్గరికి వచ్చి, 1950లో దేహం విడిచేదాకా దాన్ని వదల్లేదు. కొండ కూడా ఏమీ చూడదు, ఏమీ చెప్పదు. దాన్ని అగ్నిలింగమంటారు, కార్తికంలో శిఖరం మీద దీపం వెలిగిస్తారు.

ఏ దీపం, ఎవరి దీపం అని అడిగితే నేను తేల్చను. రిమోట్ కంటికి ప్రమిదైనా కొవ్వొత్తైనా ఒకటే. మా వీధి చివర చర్చిలో వెలిగేదీ, అవతల దర్గాలో వెలిగేదీ దానికి పనికొస్తాయి. రెండు విషయాలు మాత్రం కావాలి. దీపం నిలిచి ఉండాలి, కదిలే దీపంతో తావు తెలియదు. కన్ను మిగతా వెలుగుల్ని వడకట్టుకోగలగాలి. ఈ రెండోదే కష్టం. ఎండ మనల్ని మోసం చేయాలని రాదు, కిటికీ తెరిచి ఉంటే వస్తుంది.

ఇంత రాశాక ఒక మాట చెప్పకపోతే నా చదువుకి అన్యాయం చేసినదాన్నవుతాను. ఈ ఆటపెట్టె వల్ల ఆయన చెయ్యి బాగుపడిందని నేను అనడం లేదు. 2016లో లాన్సెట్ న్యూరాలజీ పత్రికలో వచ్చిన అధ్యయనంలో, పక్షవాతం వచ్చిన 141 మందిలో సగం మందికి ఈ వీ ఆటలూ మిగతావారికి పేకముక్కల్లాంటి మామూలు ఆటలూ ఇచ్చి పోల్చారు. చేతి బాగులో వీ వల్ల అదనపు మేలు కనపడలేదు. పేకాడినా బాగుపడేవారేమో. రోజూ కూర్చుని, అదే చెయ్యి, అదే పని, అంతే పట్టుదలగా చేయడంలో ఉంది మేలు. ఆ మాట ఫిజియోథెరపీ అబ్బాయి కూడా ఒప్పుకున్నాడు.

జూన్‌లో అబ్బాయి ఇంకో పట్టీ పంపించాడు, బ్యాటరీలతో పనిచేసేది, ఎలుకకి తీగ లేకుండా. అది టీవీ కింద పెట్టాను. మధ్యాహ్నం ఫ్యాను వేసుకుని ఆడుకోవచ్చు ఇప్పుడు. ప్రమిదలు కడిగి, ఆరబెట్టి, పూజగదిలో పటాలకి అటూ ఇటూ పెట్టాను. అక్కడ ఎప్పటినుంచో కుందులు రెండున్నాయి, జానెడు దూరంలో. రెండే ఎందుకు పెట్టారో నేనెప్పుడూ అడగలేదు. పొద్దున్నే అవి నేనే వెలిగిస్తున్నాను.

కార్తిక మాసం మొదటి సోమవారం తెల్లవారుజామున ఆయన పూజగదిలో పీట మీద కూర్చుని, హారతి పళ్ళెం కుడిచేతికి ఇమ్మన్నారు. వేళ్ళు ఒక్కొక్కటిగా విప్పి, అంచు పట్టుకున్నారు. కర్పూరం నేను వెలిగించాను. పళ్ళెం లేచింది, బెత్తెడు, ఇంకో బెత్తెడు. మంట అటూ ఇటూ ఊగుతోంది, ఆయన దానికేసి చూస్తూ మంత్రం మొదలుపెట్టారు. హాల్లో ఫ్యాను తిరుగుతోందని గుర్తొచ్చి నేను లేచి వెళ్ళి కట్టేసి వచ్చాను.